పావుకిలో తరుగు

జూన్ 4

ప్రకటన

సమస్త ప్రజానీకానికీ, అందులోనూ జతలో ఒక మేజోడు మాత్రమే మిగిలిన వారికీ తెలియజేయడమైనది. మా లాండ్రీ నందు పోయిన మేజోడు గురించి అడుగువారు మిగిలిన మేజోడును సాక్షిగా హాజరుపరచవలెను. ఊడిన గుండీల విషయమై యాజమాన్యం విచారం వ్యక్తం చేయునే గాని గుండీలు ఇవ్వజాలదు. ఉతికిన తరవాత చొక్కా పొట్టిదైనచో మనిషి పెరిగినట్టు భావించవలెను. ఇట్లు, యాజమాన్యం. (అనగా నేను. మీ అత్తయ్య సంతకం పెట్టనంది.)

చిరంజీవి మౌనవ్రతానికి, మామయ్య దీవెనలు.

పై ప్రకటన షాపు గోడకి అంటించాను. నీకో కాపీ ఎందుకంటే, మన ఇంట్లో గట్టిగా చదువుకున్నదానివి నువ్వొక్కదానివే. తప్పులుంటే దిద్దు. నువ్వు దిద్దినా నేను మార్చను, అది వేరే సంగతి.

అసలు విషయానికొస్తా. స్టేషన్ దగ్గర లాడ్జి దుప్పట్లు మనమే ఉతుకుతామని నీకు తెలుసుగా. అక్కడికి కొత్త మేనేజరొకడు దిగాడు. మీసం చూస్తే బట్టల బ్రష్షు గుర్తొస్తుంది. సొంత కాటా ఒకటి మోసుకొచ్చి మన కౌంటరు మీద పెట్టాడు. మాసిన దుప్పట్లు తూచి ఇచ్చాడు, ఉతికినవి తూచి తీసుకున్నాడు. పావుకిలో తరుగొచ్చింది.

"ఏ దుప్పటి నొక్కేశావు?" అన్నాడు.

"లెక్కపెట్టుకోండి," అన్నాను. లెక్కపెట్టాడు. సరిగ్గా ఉన్నాయి.

"మరి పావుకిలో ఏదయ్యా?"

"మురికి, స్వామీ."

"మా లాడ్జిలో పావుకిలో మురికి ఉంటుందా? మా పరువు తీస్తావా?" అని ఎగిరాడు చూడూ, మీ అత్తయ్య ఇస్త్రీ పెట్టె పట్టుకుని బయటికొచ్చింది. పెట్టె వేడిగా ఉందని గ్రహించి కాస్త తగ్గాడు. కానీ సైన్సు ప్రకారం సమాధానం ఇవ్వకపోతే కాంట్రాక్టు రద్దట. మన బాయిలరు నడిచేదే ఆ దుప్పట్ల మీద.

కాబట్టి చెప్పు తల్లీ. బరువు పోతే ఎక్కడికి పోతుంది? నువ్వు చదివిన అన్ని పుస్తకాల్లో బరువు మాయమయ్యే చోటు ఒక్కటన్నా లేదా?

నీ జవాబు కోసం కౌంటరు మీద మోచేతులు అరగదీస్తున్న,
మామయ్య

జూన్ 9

మామయ్యకి నమస్కారాలు.

నీ ప్రకటనలో తప్పుల్లేవు. సిగ్గు కూడా లేదు.

నీ దుప్పట్ల గొడవ సరిగ్గా ఇప్పుడే రావాలా? నేను ఏ స్థితిలో ఉన్నానో అమ్మ నీకు చెప్పలేదనుకుంటా. మా కాలేజీలో లెక్చరర్ పోస్టు పడింది. కమిటీ ముందు, పిల్లల ముందు, ఒక పాఠం చెప్పి చూపించాలి. పోయినేడు వేరే కాలేజీలో ఇలాగే నిలబడ్డాను. గుర్తుందిగా? చాక్‌పీసు చేతిలో చెమటకి మెత్తబడిపోయింది గానీ నా నోట్లోంచి ముక్క రాలేదు. "థాంక్యూ అమ్మా" అన్నారు. ఏం చెప్పానని థాంక్యూ? అప్పట్నుంచీ ఇక్కడ ల్యాబ్‌లో గాజు సామాను కడుగుతున్నాను. మన వంశానికి కడగడం తప్పేట్టు లేదు.

ఆ ల్యాబ్ పని కూడా ఈ నెలాఖరుదాకానే. ఈసారి కూడా నోరు పడిపోతే ఇంటికొచ్చి మీ మూటలకి గుర్తులు వెయ్యాలి. అమ్మ ఇప్పటికే గుర్తులేసే ఇంకు కొనిపెట్టిందట. కన్నతల్లికి నా మీద ఉన్న నమ్మకం అది.

నాకిచ్చిన పాఠం ఏంటో తెలుసా? యురేనియం చీలినప్పుడు ఎంత శక్తి వస్తుందో లెక్కగట్టడం. నువ్వు అడిగావు కాబట్టి చెప్తున్నాను, బరువు మాయమయ్యే చోటు ఒకటుంది. అది ఇదే. యురేనియం పరమాణువు నడిమధ్యలో ఉండే గింజని కేంద్రకం అంటారు. దానికి న్యూట్రాన్ అనే రేణువు తగిలితే రెండు ముక్కలవుతుంది. ముక్కలన్నీ కలిపి తూస్తే మొదటికంటే బరువు తక్కువ. ఆ తగ్గిన బరువే శక్తిగా బయటికొస్తుంది.

కానీ ఇది దుప్పట్లకి వర్తించదు. మీ దుప్పట్లలో పోయింది మురికీ, తేమా. ఇచ్చేటప్పుడు చెమ్మగా ఇస్తారు, నువ్వు ఎండబెట్టి ఇస్త్రీ చేసి ఇస్తావు. అంతే. నా పాఠాన్ని లాండ్రీలోకి లాగకు.

నీ మేనకోడలు

జూన్ 13

చిరంజీవి మౌనవ్రతానికి దీవెనలు.

లాగేశాను.

కౌంటరు మీద కొత్త బోర్డు పెట్టాను: "మా వద్ద తగ్గిన బరువు వృథా కాదు. శక్తిగా మారి మీ దుప్పట్లకే వేడినిచ్చును." పెయింటరు "వేడి" అనే మాట ఎర్ర రంగులో రాశాడు. మొదటి రోజే ఇద్దరు ఆడవాళ్ళు వాళ్ళ మొగుళ్ళ కోట్లు తెచ్చి "మావి కూడా వేడెక్కించండి" అన్నారు. వ్యాపారం బానే ఉంది.

మేనేజరు మాత్రం బోర్డు ముందు నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడ్డాడు. వాడి ప్రశ్నలు వాడి మాటల్లోనే రాస్తున్నాను, నన్ను అనకు.

ఒకటి. "కంటికి కనపడని గింజని కాటా మీద ఎవడు పెట్టాడు? పెట్టినవాడు కింద పడేసుకుంటే?"

ఇంకోటి. "చీలితే ఏ ముక్కలొస్తాయి? చొక్కా చిరిగితే చెయ్యి ఇటూ కాలరు అటూ పోతాయి. ఇదెలా చిరుగుతుంది?"

మరోటి. "తగ్గిన బరువు శక్తి అయితే, ఎంత బరువుకి ఎంత శక్తి? ఊరికే శక్తి శక్తి అనడం కాదు. రేటు చెప్పు."

నీకు టైము లేదని తెలుసు. నేనైతే వాడి ముఖాన తడి దుప్పటి వేసి కొట్టేవాణ్ణి. కానీ కాంట్రాక్టు. నువ్వే కాస్త విడమరిచి రాయి. వాడు చదువుకోనివాడు, పైగా తెలిసినట్టు నటిస్తాడు. అలాంటివాడికి అర్థమయ్యేట్టు రాస్తే కమిటీ ఒక లెక్కా?

మీ అత్తయ్య అడుగుతోంది, అంత చిన్న గింజని చీల్చి ఏం బావుకుంటారని. ఆవిడకి కూడా కలిపి రాయి.

బోర్డు రంగు ఆరక చొక్కాకంటుకున్న,
మామయ్య

జూన్ 18

మామయ్యా,

నీ మీద ఎంత కోపమొచ్చిందంటే, భోజనం మానేసి రాస్తున్నాను. ముందు ఆ బోర్డు తీయించు.

మీ షాపులో నిజంగానే పావుకిలో బరువు శక్తిగా మారిందనుకో. యురేనియం మొత్తం చీలినా దాని బరువులో పోయేది వెయ్యో వంతు కూడా ఉండదు. అంటే పావుకిలో పోవాలంటే సుమారు మూడు క్వింటాళ్ళ యురేనియం పూర్తిగా చీలాలి. అదంతా ఒక్కసారి చీలితే నీ బాయిలరు కాదు, లాడ్జి కాదు, ఆ మేనేజరు మీసం కాదు, ఊరే మిగలదు. దుప్పట్లు వేడిగా ఉన్నాయని మెచ్చుకోవడానికి నీ కస్టమర్లెవరూ ఉండరు. ఇది ఆ పెద్దమనిషికి చదివి వినిపించు.

ఇప్పుడు ఆయన ప్రశ్నలు. గింజల్ని కాటా మీద పెట్టరు. వాటిని అయస్కాంతాల మధ్య నుంచి పరిగెత్తిస్తారు. బరువైనది తక్కువ వంగుతుంది, తేలికైనది ఎక్కువ వంగుతుంది. ఆ వంపు చూసి బరువు కడతారు. ఎవరి చేతిలోంచీ కింద పడదు.

ముక్కలు ప్రతిసారీ ఒకేలా రావు. ఒక రకం చెప్తాను. యురేనియంకి న్యూట్రాన్ తగిలింది. బేరియం ముక్క ఒకటి, క్రిప్టాన్ ముక్క ఒకటి వచ్చాయి, మూడు న్యూట్రాన్లు విడిగా ఎగిరిపోయాయి. తగలక ముందు తూకం: యురేనియం 235.0439, న్యూట్రాన్ 1.0087. కలిపితే 236.0526. చీలాక: బేరియం 140.9144, క్రిప్టాన్ 91.9262, మూడు న్యూట్రాన్లు 3.0261. కలిపితే 235.8667. తేడా 0.1859. ఇవి కిలోలు కాదు, పరమాణువుల్ని తూచే చిట్టి కొలత.

రేటు అడిగాడుగా? ఆ కొలతలో ఒకటి పోతే 931.5 మిలియన్ ఎలక్ట్రాన్ వోల్టులు, అది శక్తికి చిట్టి కొలత. 0.1859ని దానితో గుణించు. సుమారు 173. ఆ ముక్కలు తరవాత నెమ్మదిగా కుదురుకుంటూ ఇంకొంత ఇస్తాయి కాబట్టి మొత్తం మీద రెండొందలని పుస్తకాల్లో రాస్తారు.

అత్తయ్యకి చెప్పు, ఒక్క గింజ చీలితే చీమ కూడా ఉలిక్కిపడదు. కానీ ఒక్క గ్రాములో ఉండే గింజలన్నీ చీలితే, మీ బాయిలర్లో రెండు టన్నులకు పైగా మంచి బొగ్గు తగలేసినంత వేడి. బావుకునేది అదీ.

కోపంగా,
నీ మేనకోడలు

జూన్ 22

చిరంజీవికి దీవెనలు. ఈసారి మౌనవ్రతం అని రాయలేదు, గమనించావా? ఆ ఉత్తరం చదివాక ఆ పేరు నోటికి రాలేదు.

ఊరు మిగలదన్న మాట చదివి బోర్డు తీసేశాను. తీసిందాన్ని మీ అత్తయ్య ఇస్త్రీ బల్లకి ఎత్తు చాలక కింద పెట్టుకుంది. ఇప్పుడు మా ఇస్త్రీ బల్ల అణుశక్తి మీద నిలబడి ఉంది.

నీ లెక్కలు మేనేజరు ముందు పెట్టాను. జేబులోంచి పెన్ను తీసి టకటకా కొట్టేశాడు. "ఇదేంటయ్యా, పాయింటు తరవాత ఇంత తోక? పాయింటు తరవాత ఉన్నదంతా తోకే. తూకంలో తోక కోసెయ్యాలి," అని రౌండు చేశాడు. 235కి 1 కలిపితే 236. అవతల 141, 92, మూడు ఒకట్లు. కలిపితే 236. "తేడా సున్నా! ఏదీ నీ శక్తి? మీ అమ్మాయి చదివిందా, చదివినట్టు చెప్పిందా?" అన్నాడు.

అక్కడితో ఊరుకున్నాడా? ఇంకో మాటన్నాడు. అది మాత్రం నాకు కూడా గుచ్చుకుంది. "ముందు ఉన్న రేణువులెన్నో తరవాతా అన్నే. ఒక్కటీ పోలేదు. నీ దుప్పట్లు కూడా లెక్కకి సరిపోయాయి. సరే, దుప్పట్లలో మురికి పోయిందన్నావు. మరి ఆ గింజల్లో మురికెక్కడిది? ఏదీ పోకుండానే బరువెలా తగ్గింది?"

నాకు జవాబు తెలీక కాఫీ తాగుతారా అన్నాను. తాగాడు. రెండుసార్లు.

దీనికి నువ్వు జవాబు రాయకపోతే కాంట్రాక్టుతో పాటు కాఫీ కూడా పోయినట్టే.

మామయ్య

జూన్ 26

మామయ్యా,

తోక కోస్తాడా! ఆ పెద్దమనిషి నా ఎదురుగా ఉంటే ఆ పెన్ను లాక్కునేదాన్ని. ఉన్న శక్తంతా ఆ తోకలోనే ఉంది. తోక కోసేస్తే మిగిలేది మొద్దు సున్నా. అది ఆయన బుర్రకి సరిపోతుంది, యురేనియంకి సరిపోదు.

కానీ రెండో ప్రశ్న దగ్గర ఆగిపోయాను. మంచి ప్రశ్న. ఇన్నేళ్ళు చదివి నన్ను నేను ఇలా అడగలేదు. రోజంతా బీకర్లు కడుగుతూ ఆలోచించాను. ఒకటి పగిలింది. అయినా జవాబు దొరికింది.

యురేనియం గింజని వదులుగా కట్టిన పెద్ద మూట అనుకో. చీలాక వచ్చేవి బిగించి కట్టిన రెండు చిన్న మూటలు. లోపలి రేణువులు అవే, లెక్క అదే. కానీ బిగుసుకునేటప్పుడు శక్తి బయటికి పోతుంది. శక్తికి కూడా బరువుంటుంది మామయ్యా. వెళ్తూ వెళ్తూ తన బరువు తాను పట్టుకుపోతుంది. కాబట్టి లెక్క సరిపోతుంది, తూకం సరిపోదు. బట్టల మూట ఎంత బిగించినా నీ కాటాకి తేడా తెలీదు, ఎందుకంటే అక్కడ పోయే శక్తి ఉందా లేదా అన్నంత. కేంద్రకంలో ఆ బిగింపు భయంకరం, అందుకే తెలుస్తుంది.

నీ మీద జాలేసింది. నా వల్ల నీ కాంట్రాక్టు పోకూడదు. అందుకని ఇదంతా నాలుగు పేజీలు విడిగా రాసి, ఆ మేనేజరుగారికే, లాడ్జి అడ్రసుకి రిజిస్టర్ పోస్టులో పంపేశాను. తోక గురించి ఒక పేరా గట్టిగానే రాశాను. ఇక నువ్వు మధ్యలో నలగక్కర్లేదు.

పాఠం వచ్చే వారమే.

నీ మేనకోడలు

జూలై 1

చిరంజీవికి,

పంపేశావా? రిజిస్టర్ పోస్టులోనా? మామూలు పోస్టయితే దారిలో పోయే అదృష్టమైనా ఉండేది కదే!

సరే, కంగారు పడకు. అందింది. ఉత్తరం మేనేజరు చేతికి అందింది, చదివాడు. నేను అక్కడే ఉన్నాను. లాడ్జి హాల్లో సోఫా మీద కూర్చుని నా కళ్ళతో చూశాను. తోక పేరా దగ్గర మీసం వణికింది. మూటల దగ్గరకొచ్చేసరికి కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "ఇంత విడమరిచి నాకు చిన్నప్పుడు ఎవరైనా చెప్పి ఉంటే నేనిలా తయారయ్యేవాణ్ణి కాదు," అని నా చేతులు పట్టుకున్నాడు. కాంట్రాక్టు ఖాయం. కాటా వెనక్కి పట్టుకెళ్ళిపోయాడు.

కాబట్టి ఆ సంగతి మరిచిపో. మళ్ళీ ఆయనకి రాయకు. అస్సలు రాయకు. ఆయన మనసు చాలా సున్నితం.

పాఠం చెప్పేటప్పుడు ఎదురుగా ఉన్నవాళ్ళు మహానుభావులని అనుకోకు. అందరూ తోకలు కోసే బాపతే.

నడుం పట్టేసిన మామయ్య
(సోఫా గట్టిది)

జూలై 8

మామయ్యకి నమస్కారాలు.

పాఠం అయిపోయింది. జరిగింది జరిగినట్టు రాస్తాను.

బోర్డు దగ్గరకి వెళ్ళాను. వెనక పిల్లలు, ముందు వరసలో కమిటీ. చాక్‌పీసు మెత్తబడడం మొదలైంది. ఏదో ఒకటి రాయాలని రాసేశాను: 235కి 1. అవతల 141, 92, 3. కంగారులో పాయింట్లన్నీ ఎగిరిపోయాయి. కలిపాను, తీసేశాను. బోర్డు మీద ఇంత గుండ్రటి సున్నా. గది మొత్తం ఆ సున్నా వంక చూస్తోంది.

పోయినేటి లాగే అయిపోయింది అనుకున్నాను. అప్పుడు కమిటీలో ఒక రిటైరైన పెద్దాయన, అప్పటిదాకా కునుకుతున్నవాడు, కళ్ళు తెరిచి అన్నాడు: "ఏమ్మాయ్, అటెన్నో ఇటూ అన్నేగా. ఏదీ పోలేదు. ఇక శక్తెక్కడిది?"

ఆయనకి మీసం కూడా లేదు. ఒట్టు, నాకు మాత్రం బ్రష్షు మీసమే కనపడింది.

"ఏవండీ, దుప్పట్లు లెక్కపెట్టారు సరే, తూచారా?" అన్నాను.

ఎంత గట్టిగా అన్నానంటే, నిద్రపోతున్న ఇంకొకాయన కూడా లేచాడు. ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. నేను మాత్రం ఆగలేదు. "లెక్క వేరు, తూకం వేరు. తోకలు కోసేవాళ్ళకి దక్కేది ఇదిగో, ఈ సున్నా. పారబోసింది చూపిస్తాను ఉండండి!" అని సున్నా చెరిపేసి, పాయింటు తరవాత నాలుగేసి అంకెలు వేసి, వదులు మూట, బిగుతు మూట, 0.1859, రేటు, 173, బొగ్గు, అన్నీ చెప్పేశాను. మధ్యలో ఒకాయన ఏదో అడగబోతే "కాఫీ తరవాత తాగుదురు గానీ, ముందు వినండి," అన్నానట. నాకు గుర్తులేదు. పిల్లలు చెప్పారు.

చివర్లో ఆ పెద్దాయన, "పాఠం చాలా బావుందమ్మా. ఆ దుప్పట్ల సంగతేంటి?" అన్నారు. చెప్పాను. నవ్వీ నవ్వీ ఆయనకి దగ్గొచ్చింది. నిన్న ఆర్డరిచ్చారు. అమ్మకి చెప్పు, ఇంకు వాపసు చేసుకోవచ్చు.

ఇక ఒక్క మాట. "పాయింటు తరవాత ఉన్నదంతా తోకే" అనే మనిషి ఈ లోకంలో ఒక్కడే ఉన్నాడు. నా నాలుగో తరగతి లెక్కల్లో ఆ తోకలు కోయించి నాకు సున్నాలు తెప్పించిన మనిషి. ఆ మాట నీ ఉత్తరంలో చూడగానే అనుమానమొచ్చింది. అందుకని ఒక చిన్న అబద్ధం ఆడాను. నేను ఏ మేనేజరుకీ ఏ ఉత్తరమూ పంపలేదు.

మరి రాయని ఉత్తరం చదివి కళ్ళజోడు తుడుచుకున్నది ఎవరు మామయ్యా?

నీ మేనకోడలు, లెక్చరర్

జూలై 12

లెక్చరరమ్మగారికి,

పంపలేదా! ఓసి నీ దుంపతెగ. ఆ రాని ఉత్తరాన్ని దారిలోనే పట్టుకుందామని మూడు రోజులు లాడ్జి హాల్లో కాపలా కాశానే! పోస్టుమాన్ వచ్చినప్పుడల్లా లేచి నిలబడ్డం, వాడు తల అడ్డంగా ఊపడం, మళ్ళీ కూలబడ్డం. లాడ్జి నడిపే పెద్దావిడ నన్ను చూసీ చూసీ జాలిపడి, "ఇంట్లో గెంటేశారా బాబూ? గది చవగ్గా ఇస్తాను," అంది. పాపం, ఆవిడ ఏనాడూ ఒక్క దుప్పటి తూచి ఎరగదు. లెక్కైనా పెట్టదు. ఆ సంగతి విని మీ అత్తయ్య నవ్వుతూ లాడ్జి దిండు గలీబు ఒకటి మాడ్చింది. దాని మీద ఇస్త్రీ పెట్టె మచ్చ పడింది. రేపు ఆ లాడ్జి పెద్దావిడకి ఏం చెప్పాలో ఆలోచిస్తున్నా.

నీ పాఠం సంగతి మీ అమ్మ చెప్పింది, మొదటి ప్రకటన అంటించకముందే. నువ్వు భయపడితే నోరు పెగలదు. కానీ నీకు ఎవరి మీదైనా ఒళ్ళు మండిందా, ఇక నిన్ను ఆపడం ఎవరి తరం? పసిపిల్లప్పట్నుంచీ చూస్తున్నా. అందుకని నీకు తిట్టుకోవడానికి ఒకడు కావాల్సొచ్చాడు. నన్నే తిట్టమందామంటే, నన్ను తిడితే నవ్వేస్తావు.

మన దుప్పట్ల పావుకిలో తరుగు నిజం. తూచింది నేనే, సొంత కాటా మీద. ఏదీ పోకుండా బరువెలా తగ్గిందన్న ప్రశ్న కూడా నిజమే. అది నాకే వచ్చింది, ఇస్త్రీ చేస్తుంటే. నువ్వు మంచి ప్రశ్న అన్నావు చూడు, ఆ ఉత్తరం షాపులో ప్రకటన పక్కనే అంటించాను. ఇంతవరకూ ఎవరూ చదవలేదు. మేజోళ్ళ గురించే అడుగుతున్నారు.

మిగతాదంతా అబద్ధం. ఆ లాడ్జికి మేనేజరనేవాడు లేడు, ఎప్పుడూ లేడు. ఆ బ్రష్షు మీసంతో సహా వాణ్ణి మొత్తం నేనే అల్లాను.

ఇట్లు,
నీ చేత ఇన్ని తిట్లు తిన్న మేనేజరు